మూడు దెబ్బలు

సౌదీలో తాయిఫ్ కొండదారిలో సొరంగం రాగానే చలపతి కారు ఆపించాడు. ఒకప్పుడు ఆ సొరంగం తవ్వించిన ఇంజనీరు ఆయనే. తర్వాత ఇండియా తిరిగొచ్చి మంత్రి అయ్యాడు. ఇప్పుడు రాష్ట్రపతికి సలహాదారు.

దిగి, వేలి ఉంగరంతో గోడను మూడుసార్లు కొట్టి చెవి ఆనించాడు.

కంపెనీ కారు డ్రైవర్ గంగారాం సంబరపడ్డాడు. అతనిది మంచిర్యాల.

"టీవీల చూసిన సార్! ఏ బిల్డింగు ఓపెనింగుకు పోయినా మీరు గిట్లనే కొడ్తరు. గట్టిగున్నదా లేదా అని. గందుకే మంత్రిని చేసిన్రంటరు."

చలపతి గోడ మీంచి చెవి తీయలేదు.

"మా నాయిన బొగ్గుబాయిల చేసేటోడు సార్. ఆళ్లకు గూడ మూడు దెబ్బలే. కప్పు కూలితే లోపలున్నోళ్లు కొడ్తరు. బయటోళ్లు గూడ మూడు కొట్టాలె. ఇన్నం, వస్తున్నం అన్నట్టు."

చలపతి మళ్లీ కొట్టాడు. ఉంగరం దగ్గర వేలు చిట్లి నెత్తురొచ్చింది.

"గోడ గట్టిగనే ఉన్నది సార్, పోదాం. ముదీర్, గదే మా మేనేజరు, ఫోన్ మీద ఫోన్ చేస్తుండు."

"ఈ పనికి మీ బొగ్గుబావుల వాళ్లనే తెచ్చాం గంగారాం. ఇక్కడ కప్పు కూలినప్పుడు చాలాసేపు కొట్టారు. నేను తిరిగి కొట్టలేదు. కొడితే పని ఆగిపోయేది, నా పేరు పోయేది."

గంగారాం భయం భయంగా గోడకు చెవి పెట్టాడు. లారీల హోరు తప్ప ఏమీ లేదు.

"ఏం ఇనబడ్తలేదు సార్."

"నాకు ఏ గోడ దగ్గర నిలబడ్డా వినబడుతుంది. టీవీలో నువ్వు చూసేది జవాబే. ముందు కొట్టేది వాళ్లు."