సుంకులమ్మ ఎడమ కాలు

కల్లూరులో సగం మంది నడుములు సరిచేసిన కాలు, కూరగాయల బండి ముందు, చదునైన సిమెంటు రోడ్డు మీద మళ్లీ బెణికింది. సుంకులమ్మ వంకాయల సంచితో సహా కూలబడింది.

"ఊరందరికీ శకునం చెప్పిన బల్లి పోయి కుడితిలో పడిందంట," అన్నాడు బండి అయ్యన్న, నవ్వు ఆపుకోలేక.

మడమ నొప్పి కన్నా ఆ మాటే ఆమెను ఎక్కువ మండించింది. సుంకులమ్మ ఎదురుకాళ్లతో పుట్టిన మనిషి. నడుము పట్టినవాళ్లు వచ్చి బోర్లా పడుకుంటే, ఎడమ కాలు అలా ఆనించి మెల్లగా తొక్కి పట్టు వదిలిస్తుంది. పుట్టుకతో వచ్చినదాన్ని అమ్ముకోకూడదని ఎవరి దగ్గరా పైసా ముట్టదు. అంతటి కాలు ఇప్పుడు ఉన్నట్టుండి పక్కకు తిరిగిపోతోంది.

ఆటో ఖాజా మొహిద్దీన్ పరుగున వచ్చి లేపాడు. గుంతల రోడ్లలో ఆటో తోలి తోలి నడుము పట్టినప్పుడల్లా ఆ కాలి కిందికే చేరే భక్తుడతను.

"ఇంగ పసుపు పట్టీలతో అయ్యే పని కాదు పెద్దమ్మా. కర్నూల్లో ఎముకల డాక్టరమ్మ ఉండాది, పోదాం పా," అని ఆటో ఎక్కించాడు.

డాక్టర్ శివజ్యోతి ఎక్స్‌రే తీయించి, ఏమీ విరగలేదంది. తర్వాత ఒక చేత్తో కాలిని చీలమండ పైన పట్టుకుని, రెండో చేత్తో మడమను ముందుకు లాగింది. కుడి కాలు మొండికేసి కదల్లేదు. ఎడమ మడమ మాత్రం బీరువా సొరుగులా జారి ముందుకొచ్చింది.

"ఎముక గట్టిదేనమ్మా. మడమను పట్టి ఉంచే లిగమెంటు బెణికినప్పుడల్లా సాగి సాగి వదులైపోయింది. అందుకే మాటిమాటికీ తిరుగుతోంది."

"ఇప్పుడేం చేయాల తల్లీ?"

"మెత్తని స్పాంజి దిండొకటి కొనుక్కోండి. రోజూ దాని మీద ఈ ఒక్క కాలితోనే నిలబడాలి. కింద కదులుతుంటే పడకుండా ఆపుకోవడం కాలు నేర్చుకుంటుంది, చుట్టూ కండ గట్టిపడుతుంది. మూడు నెలలు చూస్తాను. అప్పటికీ నిలవకపోతే ఆపరేషన్ చేసి బిగించాల్సిందే."

ఆపరేషన్ అనగానే సుంకులమ్మకు పై ప్రాణాలు పైనే పోయాయి. కత్తి పడిన కాలికి మహిమ ఉండదని వాళ్లమ్మ చెప్పేది. నొప్పినైనా ఓర్చుకుంటుంది, కుంటుకుంటూనైనా బతుకుతుంది. నడుము పట్టినవాడు తన గడప దాటుకుని ఇంకో గడపకు పోతుంటే మాత్రం చూడటం ఆమె వల్ల కాదు.

ఖాజా ఊరుకోలేకపోయాడు. "ఈమె మామూలు మనిషి కాదు మేడం. ఎదురుకాళ్లతో పుట్టింది. ఈ కాలితోనే మా నడుములన్నీ తొక్కుతాది."

"అయితే ఈ రోజుతో అది బంద్," అంది డాక్టరమ్మ.

ఇంటికొచ్చాక సుంకులమ్మ ఆ రాత్రంతా ఆలోచించింది. దిండు కొనలేదు. తొక్కుడు మానలేదు.

"కాలు కోయించుకోవాలనే ఉండాదా అత్తా నీకు?" కోడలు నెత్తి కొట్టుకుంది. "దిండు తెచ్చుకోమంటే తెచ్చుకోవు. తొక్కొద్దంటే తొక్కుతావు. రేపు పొద్దున మంచంలో పడితే చాకిరీ చేయాల్సింది నేనే కదా."

"నా కాలు సంగతి నాకు తెలుసులే," అనేది సుంకులమ్మ.

దానికి తోడు ఖాజా నడుము పట్టు ఈసారి ఎంతకీ వదల్లేదు. తెల్లారగానే ఆటో ఆపుకుని వచ్చి, వరండాలో చాప మీద బోర్లా పడుకోవాల్సిందే.

"నొప్పి పోయినట్టే ఉండాది పెద్దమ్మా," అనేవాడు చాపలో మొహం పెట్టుకునే.

"పైపైన పోయింటాది. లోపల శానా ఉండాది. మాట్లాడకుండా పండుకో నాయనా."

సుంకులమ్మ గోడకు చెయ్యి ఆనించి, పెదాల మధ్య ఏదో గొణిగేది. ఖాజా దాన్ని మంత్రమనుకుని భక్తిగా కళ్లు మూసుకునేవాడు.

గడువు రానే వచ్చింది. ఖాజాను బయట ఆటో దగ్గరే ఉండమని, సుంకులమ్మ బిక్కుబిక్కుమంటూ లోపలికి వెళ్లింది. డాక్టరమ్మ మెత్తటి పరుపు ముక్క నేల మీద వేసి, ఎడమ కాలి మీద నిలబడమంది. నర్సు పట్టుకోవడానికి చేతులు చాచి పక్కన నిలబడింది.

సుంకులమ్మ కాలు మోపి నిలబడింది. కళ్లు మూసుకోమంటే మూసుకుంది. మునివేళ్ల మీద లేవమంటే లేచింది. డాక్టరమ్మ ఉన్నట్టుండి భుజం మీద చెయ్యి వేసి పక్కకు తోసింది. ఒళ్లు ఊగింది గానీ మడమ తిరగలేదు. నర్సు చేతులు ఊరికే చాచినట్టయింది.

"ఆపరేషన్ అవసరం లేదు," అంది డాక్టరమ్మ.

సుంకులమ్మకు ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి. అయ్యన్న బండి ముందు నుంచి, ఆ సిమెంటు రోడ్డు మీదనే, తల ఎత్తుకుని నడిచి పోవాలనిపించింది. చెంగుతో కళ్లు ఒత్తుకుని ఆ ఎడమ కాలిని తానే వంగి మొక్కింది.

"ఇంత శ్రద్ధగా చేసినవాళ్లను నేను చూడలేదమ్మా. దిండు కూడా మంచిదే దొరికినట్టుంది. పైన మెత్తగా, లోపల గట్టిగా, నిలబడితే కాస్త కదులుతూ ఉంటేనే ఇంత బాగా పట్టు వస్తుంది. మా పేషెంట్లకూ అలాంటివే తెప్పిస్తాను. ఎక్కడ కొన్నారు?"

సుంకులమ్మ తలుపు వైపు ఒకసారి చూసి, గొంతు బాగా తగ్గించింది.

"మెల్లగా మాట్లాడు తల్లీ. ఆ దిండే నన్ను ఆటోలో తోలుకోనొచ్చి బయట నిలబడుండాడు."