తోక నీడ

అప్పలకొండ వంటింట్లో ఇత్తడి డబ్బా మూత తీసింది. లోపలికి చూసింది. ధడేలుమని మూసింది. ఆ చప్పుడుకి రైల్వే ట్రాఫిక్ కాలనీలో పక్క క్వార్టరు వాళ్లు కూడా తొంగిచూశారు.

"ఏటే ఆ కోపం? డబ్బాలేటి సేసినాయి నిన్ను?" అంది తల్లి పోలమ్మ.

అప్పలకొండ వంటింట్లోంచి బయటికి వచ్చేసింది. ఆ పూట నుంచి ఇంట్లో మెతుకు ముట్టలేదు.

కోపం రాదా మరి? ఆమె తండ్రి దేముడు ఖరగ్‌పూర్ గూడ్స్ షెడ్డులో పగటి చౌకీదారు. పలాస నుంచి వచ్చిన జీడిపప్పు బస్తా ఒకటి నాలుగు రోజులు షెడ్డులో పడి ఉంది. షావుకారు వచ్చి చూసుకునేసరికి మూతి తాడు తెగి ఉంది. సీసం సీలు చెదిరి ఉంది. నాలుగు కిలోల సరుకు తగ్గింది. దేముడి మీద దొంగతనం రాశారు. ఇరవై రెండేళ్ల నౌకరీ. రుజువైతే అదీ పోతుంది, వారంలో క్వార్టరూ పోతుంది.

"ఉడతలు తినీసినాయి బాబూ" అన్నాడు దేముడు మొదటి రోజే.

షెడ్డు షెడ్డంతా పగలబడి నవ్వింది.

విచారణ రోజు అప్పలకొండ తండ్రి తరఫు సాక్షిగా వచ్చింది. బీఎస్సీ జువాలజీ, ఆఖరు సంవత్సరం. వచ్చి నిలబడింది గాని తండ్రి వైపు ఒక్కసారి కూడా చూడలేదు.

విచారణ చేసే విల్‌ఫ్రెడ్ సాహెబు ఆమె రాసిచ్చిన కాగితం చదివి కళ్లజోడు తీశాడు. "సైయూరోమార్ఫా. ఏమిటిది?"

హెడ్ క్లర్కు జగ్గారావు కిసుక్కుమన్నాడు. "ఉడతే సార్. ఏటమ్మా, ఉడత అంటే సరిపోదేటి? దానికీ కాలేజీ సీటు ఇప్పించినావా?"

"ఉడత అంటే మీరు నవ్వుతారు. మా నాన్న అంటే నవ్వినారు కదా? ఇలా రాస్తే చదువుతారు. చదివినారు."

జగ్గారావు నవ్వు సగంలో ఆగిపోయింది.

"అర్థం చెప్పు" అన్నాడు విల్‌ఫ్రెడ్.

"ఒక్క జంతువు పేరు కాదు సార్, గుంపు పేరు. కొరికే జంతువుల్ని దవడ కండ అమరికని బట్టి మూడు గుంపులు చేసినారు. ఎలక పోలికవి, ముళ్లపంది పోలికవి, ఉడత పోలికవి. ఈ ఆఖరి గుంపుదే ఆ పేరు. గ్రీకు మాటలో ఉడత అంటే తన తోక నీడలో తాను కూర్చునేది." ఆమె భుజాన ఉన్న పుస్తకాల సంచి పట్టీని బిగించి పట్టుకుంది. "ఆ నీడ ఎలాంటిదైనా సరే, దాని కిందే బతకాలి."

దేముడు తల వంచుకున్నాడు.

"ఎలక ఎందుకు కాకూడదు?" అన్నాడు విల్‌ఫ్రెడ్.

"ఎలక రాత్రి తిరుగుతాది. సరుకు పోయింది పగటి డ్యూటీలోనని మీరే రాసినారు. పగలు తిరిగేది ఉడతే. సీసం కూడా కొరుకుతాది. పుస్తకంలో ఉంది, కావాలంటే తెస్తాను."

"నాలుగు కిలోలు మోసుకుపోయినాదా?" అన్నాడు జగ్గారావు.

"నాలుగు రోజులు బాబూ!" అన్నాడు దేముడు. "దూలాల మీద ఎన్ని ఉన్నాయో లెక్కెట్టినారా? ఏనాడైనా ఒక్కదాన్ని తోలినారా?"

ఎవరూ తోలరు. రాములవారి వేలి గీతలున్న జీవాన్ని అదిలించడం పాపం. షెడ్డులో మూటలు మోసే కలాసీలు తాము తినే మరమరాల్లోంచి గుప్పెడు తీసి వాటికి పడేస్తారు. జగ్గారావు రోజూ బిస్కట్టు ముక్క వేస్తాడు.

విల్‌ఫ్రెడ్ సీలును భూతద్దం కింద పెట్టాడు. మెత్తటి సీసం మీద జంటజంటగా సన్నటి గాట్లు. ఆమె గీసిచ్చిన బొమ్మ పక్కన పెట్టి పోల్చాడు. ఒక్క గాటూ తేడా లేదు.

"ఇవి నాకు ముందు అవుపడనేదే!" అని గొణిగాడు జగ్గారావు. "నిన్న సీలు సూస్తానని వచ్చింది సార్. నాను టీ తాగొచ్చేసరికి బొమ్మంతా గీసీసింది."

"మీరు కత్తి గాటు కోసం వెతికినారు. మీకు దొంగ కావాలి. దొంగే అవుపడినాడు."

"అయితే మీ నాన్న దొంగ కాదంటావు" అన్నాడు విల్‌ఫ్రెడ్.

అప్పలకొండ పళ్లు కొరికింది.

"నేను మా నాన్న సంగతి చెప్పడం లేదు సార్. సీలు సంగతి చెప్తున్నాను. దాని మీద ఉన్నవి ఉడత పళ్ల గాట్లు. ఎక్కడ కావాలంటే అక్కడ ఒట్టేస్తాను."

విల్‌ఫ్రెడ్ ఆమె మొహంలోకి చూశాడు. ఆ కళ్లలో మంట తప్ప ఇంకేమీ లేదు.

"ఠీక్ హై" అన్నాడు. కేసు కొట్టేస్తూ సంతకం పెట్టాడు.

బయటికి రాగానే దేముడు కూతురి చెయ్యి పట్టుకోబోయాడు. "నా తల్లే! నన్ను దొంగన్నోళ్ల నోళ్లు మూయించీసినావు!"

ఆమె చెయ్యి విదిలించుకుంది. "ఆ మాట నా దగ్గర అనకు నాన్నా. అమ్మ మొహం చూసి వచ్చినాను, అంతే."

"ఏటే, గెలిచినాక కూడా ఇంత కోపమేటి?"

"ఇత్తడి డబ్బా మూత తీసి చూసినాను నాన్నా." ఆమె వెనక్కి తిరగలేదు. పుస్తకాల సంచి గుండెకి అదుముకుని గబగబా నడిచి వెళ్లిపోయింది.

మర్నాడు కాలేజీ ల్యాబులోకి ఎవరూ రాకముందే, ఆ సంచిలోంచి తీసిన ఉడత పుర్రెని అద్దాల బీరువాలో దాని చోట పెట్టబోతూ, ముందరి పళ్లకి అంటుకున్న సీసం మసిని అప్పలకొండ చీర కొంగుతో గట్టిగా తుడిచింది.