పదకొండింటికి హత్య

"అమ్మా, ఇవాళ నన్ను పదకొండింటికి చంపుతారు. భోజనానికి ఇంటికొచ్చేస్తా" అంది మెరెటె, అద్దం ముందు పెదవులకు రంగు వేసుకుంటూ.

విబెకె రై పిండి పిసుకుతోంది. తమ డెన్మార్క్ నల్ల రొట్టె రోమ్‌లో ఏ బేకరీలోనూ దొరకదు. వారానికోసారి ఇంట్లోనే చేసుకుంటారు తల్లీకూతుళ్ళు.

"ఎవరు చంపుతారు?"

"ఇంకెవరు, గాస్పరే."

విబెకె చేతులు పిండిలోనే ఆగిపోయాయి.

తొమ్మిదేళ్ళలో పంతొమ్మిది సినిమాల్లో చచ్చిపోయింది విబెకె. స్పెయిన్‌లో బతికుండగానే పాతిపెట్టారు. జర్మనీలో రక్తపిశాచి మెడ కొరికింది. ఇటలీలో కత్తులు, గొడ్డళ్ళు, తాళ్ళు. ఇరవయ్యో చావు నిజం కాబోయింది. హంతకుడి వేషం వేసే గాస్పరె తాగొచ్చి, కెమెరా ఆగినా ఆమె మెడ వదల్లేదు. నెలన్నర ఆసుపత్రి. గొంతు బొంగురుపోయింది. ఫిర్యాదు చేస్తే నిర్మాత నవ్వాడు. "గొంతు పోతే ఏముందమ్మా? ఎలాగూ తెర మీద నీకు వేరేవాళ్ళ గొంతే పెడతాం కదా!"

ఆ తర్వాత ఎవరూ ఆమెను పనికి పిలవలేదు.

"ఆ వేషం వదిలెయ్యవే" అంది విబెకె.

"నా ముఖం కనిపించే మొదటి వేషం ఇది. నువ్వు పంతొమ్మిదిసార్లు చచ్చావు, నన్ను ఒక్కసారి చావనివ్వవా?" మెరెటె నవ్వి, తల్లి బుగ్గ మీద ముద్దు పెట్టింది. "అబ్బా, ఆ పిండి చేతులు నా కోటుకి అంటించకే!"

మెట్ల మీద చెప్పుల చప్పుడు కిందికి దిగిపోయింది.

విబెకె చేతులు తుడుచుకుని డైరెక్టరు ఓత్తావియోకి ఫోన్ చేసింది.

"గాస్పరె చెయ్యి దాని మెడ మీద పడితే నిన్ను చంపేస్తాను."

"నువ్వా? నీకు చావడమే కదా వచ్చు!"

ఆమె బొంగురు గొంతుతో చాలాసేపు ఏదో చెప్పింది. అతను వింటూ వింటూ అగ్గిపుల్ల గీసుకున్నాడు.

"చూడు విబెకె, నాకు కావలసింది ఒక్కటే. పిల్ల నిజంగా భయపడాలి."

"భయపడుతుంది."

పిండి మీద గుడ్డైనా కప్పకుండా బయటికి పరిగెత్తింది.

పదకొండయింది. స్టూడియోలో పాలరాతి స్నానాలగది. తొట్టిలో మెరెటె.

తలుపు తెరుచుకుంది. నల్ల టోపీ, నల్ల కోటు, ముఖం మీద లాగి తొడుక్కున్న నల్ల మేజోడు, చేతులకు నల్ల తోలు తొడుగులు. ఇలాంటి సినిమాల్లో హంతకుడి ముఖం ఆఖరి రీలు దాకా కనిపించకూడదు.

ఆ చేతులు ఆమె మెడ పట్టుకున్నాయి. నీళ్ళలోకి అదిమాయి. పైకి లేపాయి. మళ్ళీ అదిమాయి.

మెరెటె మడమతో ముఖం మీద తన్నింది. మేజోడులోంచి రక్తం కారింది. మణికట్టు కొరికింది. చేతులు వదల్లేదు. తల్లి చెప్పిన కథ గుర్తొచ్చి ఆమెకు నిజంగానే ప్రాణభయం పట్టుకుంది.

"అమ్మా!" అని డేనిష్‌లో కేక పెట్టింది.

ఎవరి భాషలో వాళ్ళు అరుచుకునే సెట్టు అది. ఎవరూ పట్టించుకోలేదు. మెడ మీది చేతులు మాత్రం ఒక్క క్షణం ఆగాయి.

"ఆపకు! నొక్కు!" అరిచాడు ఓత్తావియో.

చేతులు బిగిశాయి. మెరెటె తలుపు వైపు చూసింది. ఎవరూ రాలేదు. ఒక్క ఉదుటున విడిపించుకుని తొట్టిలోంచి దూకింది. తడిరాయి మీద కాలు జారింది. తల వెనక్కి, తొట్టి అంచు మీదికి పడిపోతోంది. హంతకుడి చేతులు ఆ తల మీదికే దూకాయి.

ఎముక పటుక్కుమని విరిగింది.

కెమెరామన్ శిలువ గుర్తు వేసుకున్నాడు.

మెరెటె కళ్ళు తెరిచింది. తల తడుముకుంది. రక్తం లేదు. మెడ మీద కమిలిన మచ్చ కూడా లేదు. పక్కనే నేల మీద హంతకుడు కుడిచేతిని పొట్టకు అదుముకుని ముడుచుకుపోయి ఉన్నాడు.

"గాస్పరె, నీ చేతులు విరిగిపోను! నిజంగానే చంపేస్తావనుకున్నాను కదరా!"

నర్సు కత్తెర పట్టుకుని పరిగెత్తుకొచ్చింది. చెయ్యి వాచిపోయి తొడుగు ఊడి రాలేదు.

దాన్ని నిలువునా కోసి తీస్తే, విరిగిన వేళ్ళ గోళ్ళ సందుల్లో పొద్దుటి రై పిండి ఇంకా తడిగానే ఉంది.