కవచానికి కాస్త వదులు

"ముందా టోపీ తీసేయండి పిన్నిగారూ! వాణ్ణి యుద్ధానికి పంపుతున్నారా, పెళ్ళికా?"

మేడమీద అద్దెకుండే లెక్కల మాస్టారు తెర వైపు వేలు చూపించాడు. తెరలో వీరుడు ఒళ్ళంతా ఇనుము తొడుక్కుని, నెత్తిన మాత్రం మఖమల్ టోపీ పెట్టుకుని నిలబడి ఉన్నాడు. ఎదురుగా, కొండ కింద, రాతి రాక్షసుడు కాచుకుని ఉన్నాడు.

దర్జీ పిన్ని కళ్ళజోడు పైకి నెట్టుకుంది. "ఆ ఇనప కుండ బోర్లిస్తే నోరు మూసుకుపోదూ?"

"మూసుకుపోతే మీకేం? వాడేమైనా అన్నం తినాలా?"

ఆ తెర కుట్టుమిషను పక్కన, బట్టలు కత్తిరించే బల్ల మీద ఉంది. ఆ తెర, ఆట ఆడించే పెట్టె రెండూ ఆమె కొడుకువి. వాడు పోయి ఏడాది దాటింది. బతికుండగా వాడి పనేమిటో వీధిలో ఎవరికీ సరిగ్గా తెలియదు. పొద్దున్న కులాసాగా వెళ్ళి సాయంత్రానికి గొంతు బొంగురుపోయి వచ్చేవాడు గనక, వేలంపాటల్లో ఉద్యోగమని కొందరు, ఎవరో చెవిటి షావుకారు దగ్గర గుమాస్తా అని కొందరు తేల్చేశారు.

వాడు పోయాక పిన్ని ఈ ఆటలో పడింది. బట్టలు కుట్టించుకోడానికి వచ్చినవాళ్ళు నవ్వుకున్నారు. ఆమె పట్టించుకోలేదు. బాధల్లా ఒక్కటే. ఆ రాక్షసుడి ముందు వీరుడు కాసేపటికే కూలిపోయేవాడు. వాడు కూలిన పూట ఆమెకు ముద్ద దిగేది కాదు.

ఇవాళ మరీ గండం. సాయంత్రం ఆరింటికి పాత ఆట ఆగిపోతుంది. రేపు రాబోయే కొత్తదాంట్లో బొమ్మలు, బట్టలు, పాటలు, మాటలు అన్నీ మార్చేస్తున్నారట. అందుకే ఆమె మాస్టార్ని పిలిపించింది.

"ఈ ఒక్క పూటైనా వాడు పడకుండా నిలబడాలి మాస్టారూ."

"నేనుండగా ఎలా పడతాడండీ? పోయినేడు నేను కట్టిన కవచాన్ని కొరికి ఓ డ్రాగన్‌కి పళ్ళన్నీ రాలిపోయాయి. పాపం, ఆట తయారుచేసినవాళ్ళే దానికి కట్టుడుపళ్ళు పెట్టించారు."

పిన్ని పెదవి చివర నవ్వొచ్చి ఆగింది. "లెక్క చెప్పండి."

మాస్టారు బట్టల మీద గీసే సుద్ద తీసుకుని బల్ల మీద రాశాడు. "రాక్షసుడి దెబ్బ రెండొందలు. కవచం ఆపింది పోను మిగిలినంతా వాడి ప్రాణంలోంచి కోత. ఛాతీకి డెబ్భై, కాళ్ళకి ముప్ఫై, చేతులకి ఇరవై ఐదు, మీ ముద్దుల టోపీకి ఐదు. వెరసి నూటముప్ఫై. దెబ్బకి డెబ్భై కోత! వాడి వేలికున్న ఉంగరం మళ్ళీ దెబ్బ పడేలోగా నింపేది ఇరవై. ఇంక పడక ఏం చేస్తాడు?"

"ఇనప టోపీ పెడితే?"

"అది ముప్ఫై ఐదు. పైగా నాలుగూ ఒకే జతవి గనక ఇంకో ఇరవై ఊరికే కలిసొస్తుంది. నూట ఎనభై. కోత ఇరవై, నింపేదీ ఇరవై."

పిన్ని ఆఖరి అంకెల మీద వేలు పెట్టింది. "అంటే... దెబ్బ తగులుతుంది. కానీ పడడు."

"యుగాలు గడిచినా పడడు. ఆగండాగండి, అసలు సంగతి ముందుంది." మాస్టారు సంచిలోంచి కుందేలుని తీసే గారడీవాడిలా వీరుడి మూటలోంచి ఒక డాలు బయటికి లాగాడు. "ఇదింకో ఇరవై ఐదు. వెరసి రెండొందల ఐదు. ఇంక దెబ్బే అంటదు! ఇంతకు మించిన కవచం ఈ ఆట కట్టినవాడి తాత కూడా కట్టలేడు."

ఇనప టోపీ పెట్టి, డాలు తగిలించి వీరుణ్ణి రాక్షసుడి ముందుకు నడిపించారు. రాతి పిడికిలి వచ్చి నెత్తిన పడింది. వీరుడు కదల్లేదు, మెదల్లేదు, కిక్కురుమనలేదు.

"చూశారా! దోమ కుట్టినట్టైనా లేదు వెధవకి!"

పిన్ని ముఖం పాలిపోయింది. "డాలు తీసేయండి."

"ఏమిటీ?"

"తీసేయండి మాస్టారూ. పొద్దుపోతోంది."

"నోటిదాకా వచ్చిన ముద్ద నేలపాలు చేసుకుంటారా పిన్నిగారూ?"

"మరీ బిగించి కుడితే మనిషి బొమ్మైపోతాడు. కాస్త వదులుండాలి."

"ఇది చొక్కా కాదండీ, కవచం!"

"ఏదైతేనేం, వేసుకునేది మనిషేగా."

మాస్టారు గొణుక్కుంటూ డాలు తీసేశాడు. మళ్ళీ పిడికిలి పడింది. "అమ్మా!" అని కేక పెట్టి వీరుడు ఒక్కడుగు వెనక్కి తూలాడు. ప్రాణాన్ని చూపించే ఎర్ర గీత కొంచెం తగ్గింది, మెల్లగా నిండింది. వీరుడు నిలదొక్కుకున్నాడు.

పిన్ని శబ్దం పెంచింది.

"కత్తి ఎత్తండి! ఇదే అదను!"

ఆమె చేతిలోని ఆట మీటను బల్ల మీద పెట్టేసి, చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

"మీరు కొట్టరా?"

"కొడితే రాక్షసుడు చచ్చిపోడూ?"

"వాడు చావడానికేగా ఇంతసేపూ లెక్క కట్టింది!"

"ఉండనివ్వండి పాపం. ఆరింటిదాకా ఉండనివ్వండి."

పిడికిలి పడింది. "అమ్మా!"

"ఊఁ" అంది పిన్ని, నోట్లో నోట్లోనే.

దెబ్బలు లెక్కపెట్టుకుంటోంది కాబోలు అనుకున్నాడు మాస్టారు. ఇంత కవచం కట్టించుకుని కత్తి ఎత్తని మనిషిని ఆయన ఏ ఆటలోనూ చూడలేదు. సుద్ద చేతులు దులుపుకుని, తల విదిలించుకుంటూ మెట్లెక్కాడు. వెనక తలుపు సందులోంచి ఆ కేకా, ఆ "ఊఁ" ఒకదాని వెంట ఒకటి వినిపిస్తూనే ఉన్నాయి. గోడ గడియారం ఆరు వైపు జరుగుతోంది.

"అమ్మా!"

"ఊఁ."

వీరుడికి ఆ గొంతు ఇచ్చింది ఆమె కొడుకు.