డ్యాన్స్ రికార్డు

"లేవండి ఇనెస్ ఆంటీ, ఒక్క స్టెప్పు."

అక్కడ పనిచేసే రుచిత ముసలావిడ రెండు చేతులూ పట్టుకుంది. రికార్డు మీద స్పానిష్ గాయని హుషారుగా పాడుతోంది. టూంగాబీ ఊరి వృద్ధాశ్రమం హాల్లో మిగతావాళ్ళు కుర్చీల్లోంచే కాళ్ళాడిస్తున్నారు. ఇనెస్ మాత్రం కొయ్యబారిపోయింది.

"ఆపెయ్యమ్మా."

"మీ భాష పాటలని షాపులన్నీ వెతికి తెచ్చాను ఆంటీ. అప్పట్లో పెద్ద హిట్టంట కదా."

"తెలుసు. ఈ ఆల్బం మొత్తం నాకు కంఠతా వచ్చు. చిలీలో సైనికులు మమ్మల్ని జైల్లో పెట్టినప్పుడు రోజూ ఇదే వేసేవాళ్ళు. పాడినావిడ తప్పేం లేదులే, మంచి గొంతు."

రుచిత రికార్డు ఆపేసింది.

"మమ్మల్ని కొట్టడానికి ముందు వేసేవాళ్ళు. సౌండ్ బాగా పెంచి..."

"మీ అరుపులు పక్కవాళ్ళకి వినబడకుండా," అంది రుచిత.

ఇనెస్ తలెత్తి చూసింది.

"నీకెలా తెలుసు?"

రుచిత రికార్డును అట్టలో పెట్టింది. అట్ట మీద ఎర్ర గౌనులో గాయని నవ్వుతోంది.

"మా ఆయన టీవీ సౌండ్ పెంచుతారు."

అంతవరకూ ఇంగ్లీషులో మాట్లాడిన రుచిత నోట ఆ మాట తెలుగులో వచ్చింది.

ఇనెస్‌కి తెలుగు ఒక్క ముక్క రాదు. అయినా మళ్ళీ అడగలేదు.