ఫోటో వెనక ప్రసంగం

"నీ పేపర్ చదివితే ఉన్న బుద్ధి గూడ పోతది, నర్సన్నా," అన్నాడు ఎర్నెస్ట్.

"నీ పేపర్ చదివెటోనికి పోనీకి బుద్ధేడిది?" అన్నాడు వెంకటనర్సయ్య.

నాంపల్లి స్టేషన్ ఎదుటి ఇరానీ హోటల్లో ఇది రోజూ ఉండే భాగోతమే. అబిడ్స్‌లో టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపే ఎర్నెస్ట్ చదివేది అధికార పక్షాన్ని మోసే పేపరు. బట్టల దుకాణం గుమాస్తా వెంకటనర్సయ్యది ప్రతిపక్షాన్ని మోసేది. చాయ్ మాత్రం ఇద్దరూ చెరిసగం తాగుతారు.

ఆ రోజు రెండు పేపర్లలోనూ ఒకటే ఫోటో. ప్రతిపక్షం పిలిచిన బంద్ రోజు తొక్కిసలాటలో చనిపోయిన కుర్రాడు, నవ్వుతూ.

ఎర్నెస్ట్ పేపరుకు వాడు రౌడీ. వెంకటనర్సయ్య పేపరుకు అమరుడు.

"బస్సు అద్దాలు పగలగొట్టినోడు రౌడీ గాక ఏంది?"

"పార్టీ కోసం పానమిచ్చినోన్ని గట్లంటవా?"

అదే బల్ల దగ్గర కూర్చున్న ముసలాయన మెల్లగా నోరు విప్పాడు.

"పోరడు ఏ పార్టీ గాదు సారూ. ఎగ్జిబిషన్‌ల గాజుల దుకాణంల పనికి పోతుండె."

ఏనాడూ ఒక్క మాట మీదికి రాని మిత్రులిద్దరూ అప్పుడు ఒక్కటయ్యారు.

"గీ ముచ్చట ఏ పేపర్ల వచ్చింది?" అన్నాడు వెంకటనర్సయ్య.

"ఏ పేపర్లా రాలే."

"రాకుంటే నీకెట్ల తెలుసు? అసలు నువ్వే పార్టీ?" అన్నాడు ఎర్నెస్ట్.

ముసలాయన ఎర్నెస్ట్ ముందున్న పేపరు మీద, ఆ ఫోటో మడతను బొటనవేలితో సాపు చేశాడు.

"జర గీ ఫోటో చింపుకోనా సారూ? బయట కొందామంటే అయిపోయినయట."

"వెనక మా లీడర్ స్పీచ్ ఉన్నది. చింపితే సగం పోతది." ఎర్నెస్ట్ పేపరు లాక్కున్నాడు.

"మంచిది సారూ. చదువుకోండ్రి."

ఆ గొంతులో కోపం లేదు. ముసలాయన లేచి వెళ్లిపోయాడు. ఆయన చాయ్ ముట్టనేలేదు, మీగడ కట్టింది.

ఎర్నెస్ట్‌కు మనసు చివుక్కుమంది. కాగితం ముక్క దగ్గర ఇంత పిసినారితనమా అని తనను తానే తిట్టుకున్నాడు. పిలుద్దామని గుమ్మం దాకా వెళ్లాడు. స్టేషన్ జనంలో మనిషి కనిపించలేదు.

మర్నాడు రెండు పేపర్లలోనూ మళ్లీ ఒకటే ఫోటో, శవయాత్రది.

కింద ఏం రాశారో ఇద్దరూ చదవలేదు.

కొడుకు పాడె ముందు నిప్పుకుండ పట్టుకుని నడుస్తున్నది నిన్నటి ముసలాయన.