ఒక్క దగ్గు

“ఆ డాక్టర్‌సాబుకు నువ్వే పోయి చెప్పు. ఎర్రబత్తేదో పచ్చబత్తేదో నాకు తెలుస్తలేదు సార్ అని చెప్పు” అంది రాహేలు, మైదానం గోడ పక్కన మొగుడి చొక్కా పట్టుకుని ఆపి.

“చెప్తే నౌకరి పోతది, క్వార్టర్ పోతది. అప్పుడు పిల్లలకు ఏం పెడ్తవే, నా పాటలు పెడ్తవా?” అన్నాడు ఏలియా.

ఏలియా యాకుత్‌పురా అవతల రైల్వే గేట్‌మన్. కొంతకాలంగా అతని కళ్ళకు ఎరుపూ పచ్చా రెండూ ఒకటే బూడిదరంగు. ఆ సంగతి పెళ్ళానికి తప్ప ఇంకెవరికీ తెలియదు.

“మొన్నటి పూలమ్మే ఆడోళ్ళ బండి మరిచినవా? పట్టాల మీద ఇరుక్కుంటే, రైలు ఆపనీకె ఎర్రబత్తి అనుకుంట పచ్చబత్తి చూపిస్తివి. డ్రైవర్ కండ్లు మంచిగున్నయి గాబట్టి ఆ ఆడోళ్ళు బతికిండ్రు.”

“బతికిండ్రు గదా! ఇంకేం లొల్లి?”

“మళ్ల గట్లయితే?”

“గాదు. బత్తికి ఏదన్న గుర్తు పెట్టుకుంట. నువ్వు ఫికర్ చెయ్యకు.”

ఇలాంటి మనిషితో ఏం వాదిస్తుంది పాపం! లోపల అప్పుడే గిటారు సవరిస్తున్నారు.

క్రిస్మస్ వెళ్ళిన వారానికి స్టేషన్ వెనక మైదానంలో ఏటేటా బ్లూస్ జాతర జరుగుతుంది. గార్డు బాలనర్సింహ రెండో ప్రపంచయుద్ధంలో అమెరికా నల్లసిపాయిల దగ్గర ఆ పాటలు నేర్చుకొచ్చి, యుద్ధం ముగిసిన ఏడు దాన్ని మొదలుపెట్టాడు. ఇది ముప్ఫయ్యో ఏడు. బ్లూస్ అంటే ఏందన్నా అని ఎవరైనా అడిగితే, “ఏడుపొస్తది గని ఏడ్వనీకె జాగ లేదు, గప్పుడు పాడేది” అంటాడు ఆ ముసలాయన.

అక్కడ చప్పట్లు కొట్టరు. వచ్చేవాళ్ళంతా రైల్వేవాళ్ళే కదా, ఎరుపూ పచ్చా మార్చే చేతిబత్తీలు పట్టుకొచ్చి కూర్చుంటారు. పాట నచ్చితే పచ్చ చూపిస్తారు, చాలించమనాలంటే ఎరుపు. ఎరుపు చూపిస్తే పాట ఎక్కడుంటే అక్కడ ఆపి దిగిపోవాల్సిందే. రైలుకున్న రూలే పాటకూనూ! ఇన్నేళ్ళలో ఒక్క పాటకైనా మైదానమంతా పచ్చ చూపించింది లేదు, ఎక్కడో ఓ మూల ఎరుపు వెలుగుతూనే ఉండేది. ఏలియా అయితే ఏటా సగంలోనే దిగి, మళ్ళీ ఏటికి సిగ్గు లేకుండా ఎక్కేవాడు.

ఈసారి ముఖ్య అతిథి, కోస్తా నుంచి బదిలీ మీద వచ్చిన కొత్త రైల్వే డాక్టరు వెంకటనారాయణ. ముందు వరసలో కుర్చీ వేశారు.

“వాళ్ళు ఎర్రబత్తి చూపినా నువ్వు పాడుకుంటనే నిలబడితే డాక్టరుకు దొరికిపోతవ్. ఈ ఏడు పాడకు” అంది రాహేలు.

“పాడకుంటే సస్తనే. ఏడాదంత గీ ఒక్క పొద్దు కోసమే బతుకుత.” ఏలియా గొంతు తగ్గించాడు. “ఒక్క పని చెయ్. నువ్వు ముందల కూసో. ఎర్రబత్తి కనబడంగనే ఒక్కసారి దగ్గు. నేను ఆపి దిగుత. ఎవనికీ తెల్వదు.”

రాహేలు గోడ అవతల పట్టాల వైపు చూసింది.

“సరే, దగ్గుత” అంది చివరికి.

ఏలియా మెట్లెక్కి కళ్ళు మూసుకుని అందుకున్నాడు.

“ఆఖరి బండి పాయె, నన్ను ఎక్కించుకోక పాయె,
ఆఖరి బండి పాయె, నన్ను ఎక్కించుకోక పాయె,
అందరికి గేటు తీస్తి, నా తొవ్వకు గేటెవరు తీస్తరు...”

ఆ గొంతులో ఆ సాయంత్రం ఏం దూరిందోగాని, ముసలి బాలనర్సింహ గిటారు వాయిస్తూనే భుజంతో కళ్ళు తుడుచుకున్నాడు. ఏలియా కళ్ళు తెరిచాడు. ఎదురుగా చీకట్లో ఒకటొకటిగా దీపాలు లేచాయి. అన్నీ బూడిదరంగే. అతను రాహేలు వైపు చెవి పెట్టి పాడుతూనే ఉన్నాడు.

రాహేలు మాత్రం అతని వైపు చూడటం లేదు. గోడ అవతల ప్యాసింజర్ బండి పోతోంది. కిటికీలోంచి ఒక పిల్ల చెయ్యి బయటపెట్టి ఊపుతోంది. బండి దాటేదాకా రాహేలు దాన్నే చూసింది.

తర్వాత దగ్గింది.

ఏలియా చరణం మధ్యలో టక్కున ఆపేశాడు. మైదానానికి దణ్ణం పెట్టి, మెట్లు దిగాడు. గిటారు కూడా ఆగింది. ఎత్తిన బత్తీలు ఎత్తినట్టే ఉండిపోయాయి.

“అదేంటయ్యా, మధ్యలో ఆపేశావేం?” అన్నాడు డాక్టరు కుర్చీలోంచి లేచి.

“ఎర్రబత్తీలు చూపిస్తిరి గద సార్!” నవ్వాడు ఏలియా. “మా జాతర్ల రూలంటే రూలే.”

డాక్టరు వెనక్కి తిరిగి మైదానమంతా కలయచూశాడు. మళ్ళీ ఏలియా కళ్ళలోకి చూశాడు. ఆయన ముఖం మారిపోయింది.

“నువ్వు గేట్‌మన్‌వి కదూ? రేపు ఆస్పత్రికి రా. ఈ పూటకి గేటు దగ్గర ఇంకొకళ్ళని పెట్టమని చెబుతాను” అని గబగబా స్టేషన్ వైపు నడిచాడు.

ఏలియా రాహేలు దగ్గరికి వచ్చి నేల మీద కూలబడ్డాడు.

“ఏందే? నువ్వు దగ్గంగనే ఆపిన గదా! గాయనకెట్ల తెలిసింది? ఎర్రబత్తీలు ఎన్ని ఉండె?”

రాహేలు కొంగు నోట్లో కుక్కుకుని వెక్కుతోంది. అతని తల పట్టుకుని గుండెకేసి అదుముకుంది.

“ఒక్కటి గూడ లేకుండె. మైదానమంత పచ్చనే.”